రెండు గొడ్డళ్ల పొలం

రెవెన్యూ శాఖలో నా సర్వీసంతా అర్జీల మధ్యే గడిచింది. తీసుకున్నవి ఎన్నో, తిప్పి పంపినవి అంతకంటే ఎక్కువ. సంతకం లేదనీ, కోర్టు ఫీజు స్టాంపు అంటించలేదనీ, సర్వే నంబరు వేయలేదనీ వెనక్కిచ్చినవాటికి లెక్కే లేదు. వాటిలో ఒక్కటి మాత్రం రిటైరయి ఇన్నాళ్లయినా నన్ను వదలడం లేదు.

1984 వేసవి. జూనియర్ అసిస్టెంటుగా చేరి ఏడాది అయింది. మాది కృష్ణా డెల్టా, కాలవ గట్టు మీద పుట్టి పెరిగినవాణ్ని. ఏజెన్సీకి వేశారని తెలిసి మా అమ్మ రెండు రోజులు అన్నం తినలేదు. గోదావరికి ఎడమ ఒడ్డున, అడవి అంచున ఒక చిన్న కచేరీ. మధ్యాహ్నం పూట రాస్తుంటే చెమట చుక్కలు కాగితం మీద పడి సిరా అలుక్కుపోయేది. పొద్దు వాలితే దోమలు. జేబులో ఎప్పుడూ క్లోరోక్విన్ మాత్రలు. బదిలీ ఎప్పుడొస్తుందా అని క్యాలెండరు చూసుకుంటూ బతికిన రోజులవి.

ఒకరోజు ఒక కొండరెడ్డి పెద్దాయన వచ్చాడు. డెబ్బై దాటి ఉంటాయి. గోచీ, భుజాన తువ్వాలు, తువ్వాలు కొసన ముడి. రేకపల్లి అవతల కొండవాలున వాళ్ల ఊరు. నడిచి వచ్చాడు, దారిలో ఒక రాత్రి ఎక్కడో పడుకుని. ముడి విప్పి, నాలుగు మడతలు పెట్టిన కాగితం తీసి నా బల్ల మీద పెట్టాడు. సంతలో ఎవరిచేతో రాయించిన అర్జీ. తాతల నాటి నుంచి చేసుకుంటున్న పోడు నేలకు పట్టా ఇప్పించాలని. జిల్లా అన్నచోట ‘గోదావరి జిల్లా’ అని ఉంది.

“ఇది ఖమ్మం జిల్లా తాతా” అన్నాను.

“మాది గోదావరి జిల్లా సారూ.”

“అదెప్పుడో పాత మాట. సరే, నేల ఎంత?”

“రెండు గొడ్డళ్లు.”

నాకు అర్థం కాలేదు. ఎకరాలెన్ని అని మళ్లీ అడిగాను. ఆయన రెండు వేళ్లు చూపించి, చెవిటివాడికి చెప్పినట్టు నెమ్మదిగా అన్నాడు: “రెండు గొడ్డళ్లు. మా తాత గొడ్డలికి పావలా కట్టినాడు. సర్కారుకే కట్టినాడు.”

పక్క బల్ల మీది మిత్రుణ్ని పిలిచాను. విన్నావా, ఇక్కడ భూమిని గొడ్డళ్లతో కొలుస్తారట అని. ఇద్దరం నవ్వుకున్నాం. బిళ్ల బంట్రోతు కూడా నవ్వాడు, మేం నవ్వుతున్నాం కనక. రసీదుందా అంటే ఏటిలో పోయిందన్నాడు. అర్జీ ఆయన చేతిలోనే పెట్టి, జిల్లా పేరు సరిగ్గా రాయించి, ఎకరాలు వేయించి, రసీదు ఉంటే జతచేసి తెమ్మన్నాను. ఆయన ఏమీ అనలేదు. కాగితాన్ని ఆ మడతల వెంటే మళ్లీ మడిచి ముడి వేసుకుని వెళ్లిపోయాడు. ఇన్వర్డు రిజిస్టరులో అది ఎక్కనే లేదు. ఎక్కని అర్జీకి జవాబు ఇవ్వనక్కర్లేదు. ఉద్యోగంలో చేరిన మొదటి నెలలోనే సీనియర్లు నేర్పిన కిటుకు.

1985లో తాలూకాలు పోయి మండలాలొచ్చాయి. పెయింటరు నిచ్చెన వేసుకుని బోర్డు మార్చాడు. మేం పాత లెటర్‌హెడ్‌ల మీద ‘తాలూకా’ కొట్టేసి ‘మండలం’ అని చేత్తో రాస్తూ ఆరు నెలలు గడిపాం. ఆ మరుసటేడు ఆగస్టులో వరద. 1986 ఆగస్టు 16న భద్రాచలం దగ్గర గోదావరి 75.6 అడుగులు. అక్కడ 53 అడుగులకే మూడో ప్రమాద హెచ్చరిక ఇస్తారంటే మిగతాది ఊహించుకోవచ్చు. ఆ లెక్కను ఇప్పటిదాకా ఏ వరదా దాటలేదు. మా కచేరీలో కిటికీ దాకా నీళ్లు. పై అరల్లోవి దక్కాయి, కింది అరల్లోని దస్త్రాలు నానిపోయాయి.

నీరు తీశాక వారం రోజులు మా పని కాగితాలు ఆరబెట్టడమే. బడి వరండాలో తాళ్లు కట్టి, కట్టలు విప్పి, ఒక్కో కాగితం వేలాడదీశాం. బురద వాసన, నానిన గుడ్డ వాసన, మధ్యలో చచ్చిన తేళ్లు. ఆ కుప్పలో ఒక లావుపాటి ఇంగ్లీషు పుస్తకం దొరికింది. అట్ట ఊడింది, ఒక మూల చెదలు తిన్నది. హెమింగ్‌వే అనే అధికారి రాసిన గోదావరి జిల్లా గెజిటీరు. 1907లో మద్రాసు ప్రభుత్వం అచ్చు వేయించింది. పేజీలు ఒకదానికొకటి అతుక్కుపోయి ఉంటే బ్లేడుతో విడదీసి మధ్య మధ్య పాత పేపర్లు పెట్టే పని నాకు పడింది. పని మందకొడిగా సాగేది, అందుకని చదువుతూ చేశాను. లేకపోతే జన్మలో చదివి ఉండేవాణ్ని కాదు.

భద్రాచలం తాలూకా దగ్గరికి వచ్చేసరికి చెయ్యి ఆగింది. రేకపల్లి ప్రాంతం సెంట్రల్ ప్రావిన్సుల కింద ఉన్న రోజుల్లో పోడుకు శిస్తు చాలా తేలికగా ఉండేదనీ, గొడ్డలికి నాలుగణాలు తీసుకునేవారనీ ఉంది. నాలుగణాలంటే పావలా. ఎకరాలెన్ని అని నేనడిగితే ఆయన తమ లెక్కలో సూటిగా జవాబే చెప్పాడు. ఒకప్పుడు అది సర్కారు లెక్కే. కొలత తెలియనివాణ్ని నేను.

ఆ పేజీ ఆరేదాకా ఎదురుగా కూర్చున్నాను. ఆ తర్వాత ఏళ్లలో దొరికిన పాత పుస్తకాలల్లా వెతికి చదివాను. మేం ఉద్యోగం చేస్తున్న నేల కథ మాకే తెలియదని తెలిసి సిగ్గేసింది.

సెంట్రల్ ప్రావిన్సులంటే నాగపూరు రాజధానిగా ఉన్న రాష్ట్రం. నాగపూరుకూ మా రేకపల్లికీ సంబంధం ఏమిటి? సంబంధం పడవ. 1852 నాటికి ధవళేశ్వరం ఆనకట్ట పూర్తయింది, డెల్టాలో కాలవలు పారాయి. ఆర్థర్ కాటన్ కన్ను అక్కడితో ఆగలేదు. గోదావరి మీదుగా, దాని ఉపనది ప్రాణహిత మీదుగా నాగపూరు, బీరారు పత్తిని పడవల్లో సముద్రానికి దింపవచ్చని ఆయన వాదించాడు. నదిలో మూడు చోట్ల రాతి మెట్లు పడవలకు అడ్డం. దుమ్ముగూడెం దగ్గర మొదటిది, ఇచ్చంపల్లి దగ్గర రెండోది, ప్రాణహిత మీద దేవలమర్రి దగ్గర మూడోది. ఒక్కోచోట ఆనకట్ట కట్టి, పక్కన లాకులతో కాలవ తవ్వితే పడవ సాఫీగా పోతుందని లెక్క.

అయితే ఎడమ ఒడ్డంతా నిజాముది. ఒడ్డు తమది కాని నదిలో కంపెనీవాళ్లు గానీ, తర్వాత రాణి సర్కారు గానీ అంత డబ్బు పోయలేరు కదా. 1860 ఒప్పందంలో ఆ చిక్కు విడిపోయింది. 1857లో తమ పక్షాన నిలబడినందుకు నిజాముకు రాయచూరు దోఆబు, నల్దుర్గు ప్రాంతం తిరిగిచ్చారు, సురపురం ఇచ్చారు, యాభై లక్షల అప్పు కొట్టేశారు. బదులుగా గోదావరి ఎడమ ఒడ్డున ఉన్న తాలూకాలు తీసుకున్నారు. నది మీద పోయే సరుకుకు సుంకం ఉండకూడదని కూడా అందులోనే రాసుకున్నారు. సిరోంచ, నూగూరు, ఆల్బాక, చర్ల, భద్రాచలం, రేకపల్లి. ఈ ఆరూ కలిపి ఒక జిల్లా చేశారు. పేరు ఎగువ గోదావరి జిల్లా. కేంద్రం సిరోంచ. మరుసటేడు సెంట్రల్ ప్రావిన్సులు ఏర్పడ్డాక అందులో కలిపారు.

పటం మీద ఆ జిల్లాను గీస్తే భుజం మీద వేసుకున్న తువ్వాలులా ఉంటుంది. సన్నగా, పొడవుగా, నది వెంటే. పైన సిరోంచ దగ్గర ప్రాణహిత కలుస్తుంది, కాస్త కిందికి ఇంద్రావతి, చర్ల దగ్గర తాలిపేరు, కూనవరం దగ్గర శబరి. కింది అంచున పాపికొండలు. అక్కడ నది రెండు కొండల మధ్య ఇరుక్కుని, అది దాటాకే డెల్టా వైపు వెడల్పవుతుంది. తూర్పున బస్తరు అడవి, పడమటి ఒడ్డున నిజాము రాజ్యం. జిల్లా అంటే ఒక ఊరి చుట్టూ నేల ఉండాలని మనం అనుకుంటాం. ఈ జిల్లాకు నది నడుమ గీత, ఒక పక్క ఒడ్డు, అంతే. పడవ కోసం పుట్టిన జిల్లా మరి ఎలా ఉంటుంది.

ఆ ‘ఎగువ’ అన్న మాట మీద నాకు చాలాసార్లు నవ్వొచ్చింది. ఎవరికి ఎగువ? రాజమండ్రిలో నిలబడి చూసినవాడికి ఎగువ. సిరోంచలో కూర్చున్న అధికారికి భద్రాచలం దిగువే. నూగూరు, ఆల్బాక, చర్ల తాలూకాలను తర్వాత రోజుల్లో సెంట్రల్ ప్రావిన్సుల వాళ్లు దిగువ సిరోంచ అన్నారు. అదే నేల మద్రాసు వాళ్లకు ఎగువ, నాగపూరు వాళ్లకు దిగువ. ఆ నేల మీద ఉన్నవాళ్లు మాత్రం ఏటి ఒడ్డు అనే అనుకుని ఉంటారు.

ఈ నేలకు రెండు ఒడ్లూ ఒకటిగా ఉన్న కాలం అంతకు ముందే ఉంది. కంచర్ల గోపన్న పాల్వంచ పరగణాకు తహసీల్దారు. పాల్వంచ కుడి ఒడ్డున, ఆయన గుడి కట్టిన భద్రాచలం ఎడమ ఒడ్డున. అప్పుడు ఆ రెండూ ఒకే పరగణా. తానీషా ఖజానా డబ్బు గుడికి పెట్టాడని ఆయన్ని జైల్లో వేశారన్న కథ తెలుగువాళ్లకు నేను చెప్పక్కర్లేదు. నాకు మాత్రం ఆ కథలో మా శాఖ ఉద్యోగి ఒకడు కనపడతాడు. భజనలు విన్నప్పుడల్లా, ఆ రోజుల్లో ఆడిట్ పేరా ఎలా రాసి ఉంటారా అని ఒక పాడు ఆలోచన వస్తుంది.

పడవ సంగతికి వస్తే, పని మొదలయ్యేసరికి అమెరికాలో అంతర్యుద్ధం. లాంకషైరు మిల్లులకు పత్తి ఆగిపోయింది. మన పత్తికి గిరాకీ పెరిగి కాటన్ పథకానికి ఊపొచ్చింది. హేగ్ అనే ఇంజనీరు దుమ్ముగూడెం దగ్గర పని నడిపించాడు. కూలీలు దొరకరు, దొరికినవాళ్లు జ్వరాలతో పడిపోతారు. వానాకాలంలో నది పని చేయనివ్వదు. 1865కు అమెరికాలో యుద్ధం ముగిసింది. 1867లో బొంబాయి నుంచి రైలు నాగపూరు చేరింది. పత్తి పడమటి దారి పట్టింది. రైలుపెట్టె వానాకాలం కోసం ఎదురుచూడదు, రాతి మెట్లకు ఆగదు. 1871లో నది పనులు ఆపేయమని ఉత్తర్వులొచ్చాయి. దుమ్ముగూడెంలో ఆనకట్ట, లాకులు మిగిలాయి. మిగతా రెండు చోట్లా పని నడిమధ్యలో నిలిచిపోయింది.

డెల్టావాణ్ని కనక కాటన్ దొరంటే నాకు చిన్నప్పటి నుంచి భక్తి. మా ఇళ్లల్లో అన్నం కాలవ నీళ్లతో పండింది. దుమ్ముగూడెం లాకుల దగ్గర నిలబడి, ఆయన లెక్క తప్పిన చోటు కూడా ఒకటి ఉందని తెలుసుకోవడం నాకు మంచే చేసింది. తప్పు నదిది కాదు. నదికి ఒక పని చెప్పారు, ఆ పని రైలుకు పోయింది. ఆ పని కోసం పుట్టించిన జిల్లా మాత్రం అడవిలో మిగిలిపోయింది.

మూడేళ్లు గడిచాక దాన్ని కూడా విప్పేశారు. 1874లో భద్రాచలం, రేకపల్లి తాలూకాలు మద్రాసు రాష్ట్రంలోని గోదావరి జిల్లాకు వచ్చాయి. సిరోంచ వైపు మిగిలింది చాందా జిల్లాకు పోయింది. నూగూరు, ఆల్బాక, చర్ల కూడా 20వ శతాబ్దం తొలి దశకంలో మద్రాసుకు వచ్చి నూగూరు తాలూకా అయ్యాయి. సిరోంచ ఇప్పుడు మహారాష్ట్రలో గడ్చిరోలి జిల్లా. అక్కడి సంతలో తెలుగు ఇప్పటికీ వినపడుతుంది. పద్నాలుగేళ్ల ఆయుష్షు తీరిన ఎగువ గోదావరి జిల్లా కథ కాగితం మీద అంతే.

కొండ మీద అంతటితో తీరలేదు. మద్రాసు చేతికొచ్చాక పోడు శిస్తు ఇంచుమించు మూడింతలైంది. కొన్ని అడవుల్లో పోడు కొట్టనే కూడదన్నారు. నాగపూరు వాళ్లకు అడవి ఒక లెక్క, మద్రాసు వాళ్లకు ఇంకో లెక్క. జిల్లా మారితే మాకేం, బోర్డు మారుతుంది అనుకునేవాణ్ని 1985లో. ఇక్కడ జిల్లా మారితే గొడ్డలి ధర మారింది. 1879లో రంప కొండల్లో పితూరీ లేచింది. అక్కడ కల్లు మీద పన్ను, ముఠాదార్ల వసూళ్లు, వడ్డీ వ్యాపారుల కోర్టు దావాలు కారణాలు. ఆ ఏడాది జులైకి అది రేకపల్లి వైపు పాకింది. అంబుల్ రెడ్డి నడిపించాడు. ఇక్కడివాళ్ల కోపానికి మూలం పోడే. రంప పితూరీ గురించి బడి పుస్తకాల్లో రెండు ముక్కలు చదివాను, పరీక్షలో రాసి మార్కులు కూడా తెచ్చుకున్నాను. ఒక సరిహద్దు గీత జరపడం దానికి ఒక కారణమని ఏ మాస్టారూ చెప్పలేదు.

మా పెద్దాయన తాత ఆ రోజుల మనిషి. పావలా కట్టిన చెయ్యి ఆయనది. మనవడికి చెప్పాడు. ఆ మనవడు నాకు చెప్పాడు. నేను నవ్వాను.

ఆయన రాయించిన జిల్లా పేరైనా తప్పా? ఆయన పుట్టేనాటికి ఈ నేల గోదావరి జిల్లానే. 1925లో గోదావరి జిల్లాను తూర్పు, పడమర చేశారు, అప్పుడు తూర్పు గోదావరి అయింది. 1953లో ఆంధ్ర రాష్ట్రం, 1956లో ఆంధ్రప్రదేశ్ వచ్చినా జిల్లా అదే. 1959లో భద్రాచలం, నూగూరు తాలూకాలను ఖమ్మంలో కలిపారు. ఆ కలపడంలో సబబు ఉందని ఉద్యోగిగా ఒప్పుకుంటాను. కాకినాడ కలెక్టరేటుకు పోవాలంటే లాంచీలో పాపికొండలు దాటి రాజమండ్రి చేరి, అక్కణ్నుంచి మళ్లీ బండి పట్టాలి. ఖమ్మం ఇవతల ఉంది, భద్రాచలం దగ్గర వంతెన కూడా 1965లో రాష్ట్రపతి రాధాకృష్ణన్ చేతుల మీదుగా ప్రారంభమైంది. అంతా బాగానే ఉంది. ఖమ్మం జిల్లా వచ్చేసరికి ఆయనకు యాభై దగ్గరపడుతున్నాయి. యాభై ఏళ్లు నోట నానిన పేరు అర్జీలో పడింది. ఆ మార్పు సంగతి ఆయనకు ఎవరు చెప్పి ఉంటారు? ఉత్తర్వు గెజిట్‌లో వస్తుంది. గెజిట్ కొండెక్కదు.

1987లో ఫాల్గుణ మాసం సంతలో ఆయన కనపడ్డాడు. చింతపండు బుట్ట ముందు పెట్టుకుని కూర్చున్నాడు. దగ్గరికి వెళ్లి గొంతుక్కూర్చున్నాను. చెప్పాలనుకున్నది చాలా ఉంది, నోట ఇంతే వచ్చింది.

“తాతా, నువ్వు చెప్పింది నిజమే. పుస్తకంలో ఉంది. గొడ్డలికి పావలా.”

ఆయన నన్ను ఎగాదిగా చూశాడు. గుర్తుపట్టాడో లేదో తెలియదు.

“పుస్తకంలో ఉందా?”

“ఉంది.”

“ఆ పుస్తకం చూపిస్తే కొండ మీద గొడ్డలి లాక్కోరా?”

నా దగ్గర జవాబు లేదు. చింతపండు రెండు వీశెలు కొన్నాను. ఆయన అడిగినంత ఇచ్చాను, అదేదో ప్రాయశ్చిత్తం అయినట్టు. మరుసటి వారం మా కచేరీకి రమ్మన్నాను. వచ్చాడు. ఈసారి అర్జీ నేనే రాశాను. జిల్లా ఖమ్మం అని వేశాను, నేల అన్నచోట ఎకరాలు అంచనా వేసి, బ్రాకెట్లో ‘రెండు గొడ్డళ్లు’ అని కూడా రాశాను. ఇన్వర్డులో ఎక్కించి, గెజిటీరు పేజీ నకలు జతచేసి ఫైలు పెట్టాను. బ్రాకెట్లోది చూసి పై అధికారి ఇదేమిటని అడిగి, విని, ఏమీ అనకుండా సంతకం చేశారు. ఫైలు ఇంకో శాఖ అభిప్రాయానికి వెళ్లింది. నాకు బదిలీ అయ్యేదాకా తిరిగి రాలేదు. తర్వాత వచ్చిందో లేదో కనుక్కోవలసింది. కనుక్కోలేదు. బదిలీ ఆర్డరు చేతిలో పడ్డాక ఇంటి దారే కనపడింది. అది రెండో తప్పు, మొదటి దానికంటే చిన్నదేమీ కాదు.

చాలా ఏళ్ల తర్వాత, ఇంకో జిల్లాలో, అటవీ హక్కుల చట్టం మీద మాకు శిక్షణ పెట్టారు. 2006 చట్టం, 2008 నియమాలు. రుజువులుగా ఏమేమి తీసుకోవచ్చో చదువుతుంటే ఒక చోట ఆగాను. ఊరి పెద్దలు నోటితో చెప్పినదాన్ని రాసుకుని రుజువుగా తీసుకోవచ్చు. పక్కన కూర్చున్న కుర్రాడు “ఇదేం రుజువు సార్, ఎవడైనా చెప్పేస్తాడు” అన్నాడు. నాకు కోపం రాలేదు. 1984లో ఆ కుర్చీలో ఉన్నది నేనే. టీ విరామంలో పావలా గొడ్డలి కథ చెప్పాను. విన్నాడు. ఒప్పుకున్నాడో లేదో తెలియదు, నవ్వలేదు మాత్రం.

ఇక తర్వాతి మార్పులు పేపర్లు చదివే అందరికీ తెలిసినవే. 2014 జూన్‌లో తెలంగాణ వచ్చింది. పోలవరం ముంపు పేరున చింతూరు, కూనవరం, వి.ఆర్.పురం, కుకునూరు, వేలేరుపాడు మండలాలు పూర్తిగా, బూర్గంపాడు మండలంలో కొన్ని ఊళ్లు, భద్రాచలం పట్టణం తప్ప ఆ మండలమంతా ఆంధ్రప్రదేశ్‌లోకి వెళ్లాయి. రాముడి గుడి తెలంగాణలో, గుడి భూములు పురుషోత్తపట్నంలో, అంటే ఆంధ్రలో. భద్రాచలంలో బస్సెక్కి దుమ్ముగూడెం వెళ్లేవాడు ఎటపాక దగ్గర ఒక రాష్ట్రం దాటి, కాసేపటికి మళ్లీ మొదటి రాష్ట్రంలోకి వస్తాడు. కండక్టరు టిక్కెట్టు మార్చడు, అదొక్కటే అదృష్టం. అవతల వాజేడు, వెంకటాపురం 2016లో భూపాలపల్లికి, 2019లో ములుగుకు పోయాయి. రేకపల్లి ఉన్న వి.ఆర్.పురం మండలం తూర్పు గోదావరికి తిరిగి వెళ్లి, 2022లో అల్లూరి సీతారామరాజు జిల్లాలో చేరింది. అప్పటి జిల్లా కేంద్రం పాడేరు, ఘాట్ల మీదుగా రోజంతా ప్రయాణం. 1860లో సిరోంచ ఎంత దూరమో 2022లో పాడేరూ అంతే దూరంలా అనిపించింది. ఈ వ్యాసం మీ చేతికొచ్చే లోగా ఇంకేదైనా మారితే నన్ను తప్పు పట్టకండి.

2022 జులైలో భద్రాచలం దగ్గర గోదావరి 71.3 అడుగులకు వచ్చింది. టీవీలో కూనవరం, వి.ఆర్.పురం ఊళ్లు నీళ్లలో చూశాను. 1986 తర్వాత వచ్చిన వరదల్లో అదే పెద్దది. ప్రాజెక్టు నీరు నిలిస్తే ఆ మండలాల్లో చాలా ఊళ్లు ఇక శాశ్వతంగా నీటి కిందే. ఆ ఊళ్లవాళ్లు ఇప్పుడు పునరావాస కాలనీల్లో చేరుతున్నారు. కొత్త ఊరు, కొత్త మండలం, ఒక్కోసారి కొత్త జిల్లా. ఆధారులో ఒక చిరునామా, రేషను కార్డులో ఇంకొకటి, ముంపు పరిహారం ఫారంలో మూడోది. తండ్రి కుల ధ్రువీకరణ పత్రం మీద ఖమ్మం, కొడుకుది తూర్పు గోదావరి, మనవడిది అల్లూరి జిల్లా. ముగ్గురూ పుట్టింది ఒకే ఇంట్లో.

ఆ కాగితాలన్నీ ఎవరో ఒక జూనియర్ అసిస్టెంటు బల్ల మీదికే వస్తాయి. పోలవరం ముంపు ఊళ్ల నుంచి వచ్చినవాళ్ల దరఖాస్తులు చూసే తమ్ముళ్లకూ చెల్లెళ్లకూ ఒక మాట. జిల్లా గడిలో పాత పేరు ఉంటే దయచేసి వెనక్కివ్వకండి. ముందు ఇన్వర్డులో ఎక్కించండి. తర్వాత పాత పేరు మీద ఒక గీత గీసి, పైన కొత్త పేరు రాసి, పక్కన పొడి సంతకం పెట్టండి. ఒక్క నిమిషం కూడా పట్టదు.